వందకి 104 ఎలా వస్తాయి? మా పాపకి 40కి 23 ఎందుకు వచ్చాయి?

ప్రశ్న: మేడమ్ గారూ, మాది అనంతపురం జిల్లా. మూడేళ్లుగా బెంగళూరు కె.ఆర్. పురంలో ఉంటున్నాం. మా పాప నాలుగో తరగతి. అర్ధ సంవత్సర పరీక్షల్లో ఇంగ్లీషులో 40కి 23 వచ్చాయి. మామూలుగా అపార్ట్‌మెంట్ పిల్లలతో గడగడా ఇంగ్లీషు మాట్లాడుతుంది. పక్క ఫ్లాట్ అమ్మాయి అంతగా మాట్లాడదు, ఆ పిల్లకి 36. పేపర్ చూస్తే కరెక్ట్ జవాబులకి కూడా అర మార్కు, ఒక మార్కు కోసేశారు. నేను పదో తరగతి దాకా తెలుగు మీడియం. ఎందుకు కోశారో నాకు అర్థం కాలేదు. మా ఆడపడుచు ఇంగ్లండులో ఉంటుంది. వాళ్లబ్బాయికి స్కూల్లో ఇంగ్లీషు రీడింగ్ పరీక్షలో 104 వచ్చాయని చెప్పింది. వందకి 104 ఎలా వస్తాయి మేడమ్? మావారు వెంటనే ట్యూషన్ పెట్టేద్దాం అంటున్నారు. నాకేమో స్కూలుకి వెళ్లి టీచర్‌ని అడిగేయాలని ఉంది. పేపర్ ఫోటోలు పంపుతున్నాను. చాలా టెన్షన్‌గా ఉంది.
– ఒక తల్లి, బెంగళూరు

సమాధానం:

అమ్మా, మీ ఉత్తరం చదివాను, ఫోటోలు ఒకటికి రెండుసార్లు చూశాను. దిద్దిన పేపర్ ఎవరు తెచ్చి ఇచ్చినా నేను మొదట టోటల్ సరిచూస్తాను. ప్యాసేజ్ 10కి 6, పాఠం ప్రశ్నలు 10కి 6, గ్రామర్ 10కి 6, పేరాగ్రాఫ్ 5కి రెండున్నర, డిక్టేషన్ 5కి రెండున్నర. కూడితే 23. టీచర్ లెక్క సరిగ్గానే ఉంది. ఈ పని మీరూ అలవాటు చేసుకోండి. ఒక సెక్షన్ పేపర్లన్నీ ఒకే రాత్రి కూర్చుని దిద్దితే కూడికలో పొరపాటు జరుగుతుంది, ఒక్కోసారి లోపలి పేజీలో ఒక జవాబు దిద్దకుండానే ఉండిపోతుంది. బెంగళూరులో ఇరవై ఆరేళ్లు ప్రైమరీ పిల్లలకు ఇంగ్లీషు చెప్పాను, ఈ రెండూ చాలాసార్లు చూశాను.

ఇక ఆ 23ని కాసేపు మర్చిపోండి. మనం చూడాల్సింది పోయిన 17 మార్కులు. అవి ఏ జవాబులో, ఏ కారణంగా పోయాయో ఒక కాగితం మీద రాసుకుంటూ వెళ్లాను.

ముందు ప్యాసేజ్. కుమ్మరి కుర్రాడు నీళ్ల కోసం వాగు దగ్గరికి వెళ్లే కథ అది. 'ఎందుకు' అని అడిగిన రెండు ప్రశ్నలకు రెండేసి మార్కులు. పాప రెండింటికీ ప్యాసేజ్‌లోని నాలుగేసి లైన్లు ఉన్నదున్నట్టు దించేసింది. జవాబు ఆ నాలుగు లైన్లలోనే ఉంది, అందుకే మీకు కరెక్ట్‌గా కనిపించింది. కానీ 'ఎందుకు' అని అడిగినప్పుడు దిద్దేవాళ్లు చూసేది, పిల్లకి కారణం దొరికిందా లేదా అని. నాలుగు లైన్లూ రాసేస్తే అందులో ఏది కారణమో పిల్లకి తెలుసో తెలియదో చెప్పలేం. అందుకే టీచర్ రెండింటిలోనూ ఒక్కో మార్కు ఇచ్చి ఒక్కోటి ఆపారు. నేను దిద్దినా అంతే వేసేదాన్ని.

అదే ప్యాసేజ్‌లో రెండు మాటలకు అర్థం రాయమన్నారు. స్ప్రింగ్ అంటే వసంత కాలం అని, బ్యాంక్ అంటే డబ్బు దాచుకునే చోటు అని రాసింది మీ పాప. రెండూ నిజమే! కానీ ఈ కథలో స్ప్రింగ్ అంటే నీటి ఊట, బ్యాంక్ అంటే వాగు ఒడ్డు. అక్కడ అడిగింది ఆ కథలో ఆ మాటకి ఉన్న అర్థం. కాబట్టి రెండు మార్కులు పోవడం న్యాయమే. అయినా ఆ పిల్లకి ఆ మాటలు తెలియవని అనుకోకండి. చుట్టూ ఉన్న వాక్యం చదవకుండా, తనకి తెలిసిన అర్థం రాసేసింది.

పాఠం ప్రశ్నల దగ్గర ఒక రెండు మార్కుల ప్రశ్న పూర్తిగా ఖాళీగా ఉంది. దాని గురించి చివర్లో చెబుతాను. మిగతా చోట నాలుగు జవాబులకు తలా అర మార్కు కోశారు. మీకు ఎక్కువ బాధ కలిగించింది ఇవే అనుకుంటా. 'బికాజ్ రెయిన్', 'ఇన్ ద ఫారెస్ట్' లాంటి జవాబులు. పేజీ పైన, పూర్తి వాక్యంలో జవాబు రాయండి అని ఉంది, చూడండి.

మీ పాప అంత బాగా మాట్లాడుతూ కూడా మార్కులు ఎందుకు పోగొట్టుకుంటోందో ఇక్కడే తెలుస్తుంది. ఎక్కడికి వెళ్లొచ్చావమ్మా అని మిమ్మల్ని ఎవరైనా అడిగితే 'బజారుకి' అంటారు. 'నేను బజారుకి వెళ్లి వచ్చాను' అని ఎవరూ అనరు. మాటల్లో అదే సహజం. పిల్లలతో ఆడుకుంటూ ఇంగ్లీషు నేర్చుకున్న పిల్ల రాసేటప్పుడు కూడా మాట్లాడినట్టే రాస్తుంది. నోరు విప్పని పిల్ల నోట్సులో ఉన్న పూర్తి వాక్యాన్ని బట్టీ పట్టి రాస్తుంది, పూర్తి మార్కులు తెచ్చుకుంటుంది. పక్క ఫ్లాట్ అమ్మాయి అలా చేసిందని నేను అనడం లేదు, ఆ పాప పేపర్ నేను చూడలేదు. రెండు పేపర్లూ పక్కపక్కన పెట్టకుండా 36ని, 23ని పోల్చి మీ పిల్ల మీద కోప్పడకండి, దయచేసి.

గ్రామర్‌లో పోయిన నాలుగింటిలో రెండు ఆర్టికల్స్‌వి (ఎ, ఆన్, ద లాంటివి), ఒకటి ప్రిపొజిషన్‌ది (ఇన్, బై, ఎట్ లాంటిది). ఇంకొకటి, వాక్యం మొత్తం తిరిగి రాయమంటే మారిన మాట ఒక్కటే రాసినందుకు. పేరాగ్రాఫ్‌లో డబ్బాలో నాలుగు సూచనలు ఇచ్చారు, పాప రెండింటినే వాడుకుంది. ఒక్కో సూచనకి ఒక్కో మార్కు, అలా రెండు పోయాయి. క్యాపిటల్ లెటర్లు, ఫుల్‌స్టాప్‌లు వదిలేసినందుకు అర మార్కు. డిక్టేషన్‌లో పది మాటలకు ఐదు తప్పు, రెండున్నర పోయాయి.

ఇప్పుడు ఈ 17ని ఇంకో రకంగా విడదీయండి. ఇంగ్లీషు రాక పోయినవి మూడు: ఆర్టికల్స్ రెండు, ప్రిపొజిషన్ ఒకటి. స్పెల్లింగ్‌వి రెండున్నర. ఖాళీగా వదిలేసింది రెండు. మిగిలిన తొమ్మిదిన్నర మార్కులు జవాబు రాసే పద్ధతి తెలియక పోయాయి. అడిగింది చదవకపోవడం, సగం వాక్యం రాయడం, దించేయడం, సూచనలు వదిలేయడం. అంటే ఖాళీ ప్రశ్నతో కలిపి పదకొండున్నర మార్కులకు, పాపకి ఇంగ్లీషు వచ్చా రాదా అన్నదానికి సంబంధమే లేదు.

అసలు దిద్దేవాళ్ల మనసులో ఏముంటుందో మీకు తెలియాలి. ఉద్యోగంలో చేరిన రెండో ఏడాది నేను మూడో తరగతి పేపర్లు దిద్దుతున్నాను. దాహం వేసిన కుక్క కథ. కుక్క ఎందుకు ఆగింది అన్న ప్రశ్నకి ఒక బాబు, దానికి దాహం వేసింది కాబట్టి అని రాశాడు. జవాబు సరైనదే. కానీ 'బికాజ్'లో ఒక అక్షరం తప్పు, 'థర్స్టీ'లో రెండక్షరాలు తప్పు. నేను ఎర్ర సిరాతో రెండు మాటలకూ సున్నా చుట్టి, ఒక మార్కులో సగం కోసేశాను. పక్కన కూర్చున్న సీనియర్ టీచర్ ఆ కాగితం తీసుకుని, ఈ ప్రశ్న స్పెల్లింగ్ అడిగిందా, కథ అర్థమైందా అని అడిగిందా అని నన్ను అడిగారు. నా దగ్గర సమాధానం లేదు. ఆ రాత్రి పేపర్లన్నీ మళ్లీ దిద్దాను. తరగతిలో పదకొండు మందికి మార్కులు పెరిగాయి. ఆ తర్వాత ఏ జవాబు ముందుకు వచ్చినా, ఈ ప్రశ్న దేన్ని పరీక్షిస్తోంది అని నన్ను నేను అడక్కుండా పెన్ను పెట్టలేదు.

మీ ఆడపడుచు గారి అబ్బాయి 104 సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. అది వందకి వచ్చిన మార్కు కాదు. ఇంగ్లండులో ఆరో ఇయర్ పిల్లలు, అంటే పది పదకొండేళ్ల వాళ్లు, మే నెలలో సాట్స్ అనే పరీక్షలు రాస్తారు. రీడింగ్ పేపర్ 50 మార్కులకి ఉంటుంది, గంట టైమ్. గ్రామర్, పంక్చుయేషన్ కలిపి 50, స్పెల్లింగ్ 20. వచ్చిన మార్కుల్ని 80 నుంచి 120 దాకా ఉండే ఒక కొలబద్ద మీదకి మారుస్తారు. ఆ కొలబద్ద మీద 100 అంటే ఆ వయసుకి రావలసినంత వచ్చినట్టు. ఏడాదికో పేపర్ కదా, ఒకసారి సులువుగా, ఒకసారి కష్టంగా ఉంటుంది. అందుకే ఆ వంద అందుకోవడానికి 2022లో రీడింగ్‌లో 50కి 29 కావలసి వస్తే, పేపర్ కష్టంగా వచ్చిన 2023లో 24 సరిపోయాయి. కాబట్టి 104 అంటే ఆ అబ్బాయి రావలసిన దానికంటే కొంచెం పైనే ఉన్నాడు. సంతోషించాల్సిన విషయమే. దాన్ని మీ పాప 23 పక్కన పెట్టి చూడటానికి మాత్రం వీల్లేదు, రెండూ వేర్వేరు తూకాలు.

మీకు ఉపయోగపడే సంగతి ఇంకోటి ఉంది. ఆ పరీక్షల్ని పిల్లల సొంత టీచర్లు దిద్దరు, బయటివాళ్లు దిద్దుతారు. ఏ జవాబుకి మార్కు ఇవ్వాలి, దేనికి ఇవ్వకూడదు అని రాసిన పుస్తకం ఒకటి వాళ్ల చేతిలో ఉంటుంది. పరీక్షలయ్యాక ప్రభుత్వమే దాన్ని అందరికీ ఉచితంగా బయటపెడుతుంది. రీడింగ్ పేపర్‌లో స్పెల్లింగ్ తప్పు రాసినా అర్థమైతే చాలు, మార్కు కోయరు. మూడు మార్కుల ప్రశ్నకి కథలోంచి రెండు సరైన విషయాలు చెప్పి, వాటిలో ఒక్కదానికైనా కథలోని ఆధారం చూపించాలి. ఆధారం లేకుండా రెండు విషయాలు చెబితే రెండు మార్కులే. అదే పిల్లవాడు స్పెల్లింగ్ పేపర్‌లో ఒక్క అక్షరం తప్పు రాసినా సున్నా. అవసరం లేని చోట హైఫన్ పెట్టినా సున్నానే. 2017లో పంక్చుయేషన్ పేపర్‌లో సెమికోలన్ అనే విరామ చిహ్నాన్ని పెట్టాల్సిన చోటే పెట్టినా దాని ఆకారం సరిగా లేదని మార్కు ఇవ్వలేదని అక్కడి టీచర్లు గట్టిగా అభ్యంతరం చెప్పారు. నాకూ అది అన్యాయంగానే తోచింది. పిల్లల చేతిరాతను అంత సన్నగా కొలవకూడదు.

పెద్ద వ్యాసం రాయించి దానికి మార్కులు వేసే పరీక్ష అక్కడ ఆ వయసులో లేదు. ఏడాది పొడవునా పిల్లలు రాసినవి చూసి రైటింగ్ ఎలా ఉందో సొంత టీచరే నిర్ణయిస్తారు. నాకు ఈ పద్ధతి నచ్చుతుంది. అరగంటలో రాసిన ఒక్క పేరాగ్రాఫ్‌ని బట్టి తొమ్మిదేళ్ల పిల్ల రాత గురించి తీర్పు చెప్పడం కష్టం.

మన దగ్గర నాలుగో తరగతికి అలా అందరికీ ఒకే పుస్తకం లేదు. ప్రశ్నపత్రం స్కూలుదే, ఆన్సర్ కీ స్కూలుదే. ఒకే సబ్జెక్ట్ చెప్పే టీచర్లు స్టాఫ్ రూములో కూర్చుని, సగం వాక్యానికి ఎంత, స్పెల్లింగ్‌కి ఎంత అని అనుకుంటారు. అందుకే ఒక స్కూల్లో అర మార్కు కోసే జవాబుకి ఇంకో స్కూల్లో పూర్తి మార్కు వస్తుంది. ఆ మార్కుల గురించి మీ భయం కూడా కొంత తగ్గాలి. 2009 విద్యాహక్కు చట్టం ప్రకారం ఎనిమిదో తరగతి పూర్తయ్యే దాకా పిల్లలు బోర్డు పరీక్ష పాస్ కావాలన్న షరతు లేదు. 2019లో చేసిన సవరణ 5, 8 తరగతుల చివరి పరీక్షల గురించే, నాలుగో తరగతి జోలికి రాలేదు. ఈ 23 వల్ల మీ పాపకి ఏ తలుపూ మూసుకుపోదు.

ఇక స్కూలుకి వెళ్లడం గురించి. తప్పకుండా వెళ్లండి, పేరెంట్స్ మీటింగ్ దాకా ఆగి వెళ్లండి. పేపర్ తీసుకెళ్లండి. మార్కులు ఎందుకు కోశారు అని మొదలుపెట్టకండి, ఆ మాట వినగానే ఏ టీచరైనా తనను తాను సమర్థించుకోవడం మొదలుపెడతారు. 'మేడమ్, ఈ జవాబుకి పూర్తి మార్కులు రావాలంటే ఎలా రాయాలి, ఒక్కటి రాసి చూపిస్తారా?' అని అడగండి. స్పెల్లింగ్ తప్పులకు పాఠం ప్రశ్నల్లో కూడా కోస్తారా అని అడగండి. ఈ రెండు జవాబులూ తెలిస్తే ఆ స్కూలు కొలత ఏమిటో మీకు తెలిసిపోతుంది. మీకు ఇంగ్లీషు రాదని మొహమాటపడొద్దు. తెలుగులోనో, మీకు వచ్చిన కన్నడలోనో అడగండి.

ట్యూషన్ ఇప్పుడే వద్దు. పోయిన మార్కుల్లో సగానికి పైగా పద్ధతివి. ట్యూషన్‌లో ఇంకో నోట్సు ఇచ్చి ఇంకాస్త బట్టీ పట్టిస్తారు, అంతకు మించి జరగదు. ఆ పని ఇంట్లో మీరే చేయగలరు. తెలుగు మీడియం చదివానని మీరు లోటుగా రాశారు. నేను మాత్రం ఆ తెలుగుతోనే మొదలుపెట్టమంటాను.

ఆర్టికల్స్ తీసుకోండి. తెలుగులో అలాంటివి లేవు కాబట్టి మన పిల్లలు వాటిని మింగేస్తారు. కానీ 'ఎ' పెట్టాలా 'ఆన్' పెట్టాలా అన్న చిక్కు విప్పడానికి మన అక్షరాలు చాలా బాగా పనికొస్తాయి. ఆ ఇంగ్లీషు మాటను తెలుగులో రాయించండి. మొదటి అక్షరం అచ్చు అయితే ఆన్, హల్లు అయితే ఎ. అంబ్రెల్లా అని రాస్తే 'అ' వచ్చింది, కాబట్టి ఆన్. యూనిఫామ్ అని రాస్తే 'య' వచ్చింది, హల్లు, కాబట్టి ఎ. ఈ రెండు మాటలూ ఇంగ్లీషులో ఒకే అక్షరంతో మొదలవుతాయి, పిల్లలు తికమకపడేది అక్కడే. అవర్ అనే మాటలో ఇంగ్లీషు హెచ్ ఉంటుంది కానీ పలకం. తెలుగులో రాస్తే 'అ' కనిపిస్తుంది, ఆన్ అవర్. వన్ రూపీ కాయిన్ అంటే 'వ', కాబట్టి ఎ. మీ పాప పేపర్‌లో ఆర్టికల్స్ తప్పులు రెండూ సరిగ్గా ఇలాంటివే. నా తరగతిలో తెలుగు, కన్నడ పిల్లలకు నేను ఇలాగే చెప్పేదాన్ని. మీ పాప స్కూల్లో కన్నడ చదువుతుంది కాబట్టి అచ్చులు, హల్లులు అక్కడా ఇవే.

డిక్టేషన్‌లో ఐదు తప్పులు చూడండి. విండోను 'వి'తో మొదలుపెట్టింది, వెజిటబుల్‌ను 'డబ్ల్యూ'తో. జీబ్రాకి 'జె' పెట్టింది, పజిల్‌లో కూడా జెడ్‌ల బదులు 'జె'. ఐదోది బ్యూటిఫుల్, అది అందరికీ కష్టమే. మొదటి నాలుగు తప్పులూ చెవి దగ్గర మొదలయ్యాయి. మనకు ఉన్నది ఒక్క 'వ', ఇంగ్లీషులో ఆ చోట రెండున్నాయి. మనకు ఒక్క 'జ', వాళ్లకు రెండు. వెజిటబుల్ అనేటప్పుడు పై పళ్లు కింది పెదవిని తాకాలి. విండో అనేటప్పుడు పళ్లు తగలకూడదు, ఈల వేసినట్టు పెదాలు గుండ్రంగా చుట్టాలి. అద్దం ముందు నిలబెట్టి చెప్పించండి. జీబ్రాలోది తేనెటీగ మోతలా సాగుతుంది, జామ్‌లోది ఒక్కసారి పలికి ఆగిపోతుంది. నోట్లో తేడా తెలిశాక చేతికి తేడా వస్తుంది. పది రోజులు పడుతుందేమో, తొందరపడకండి.

ప్రిపొజిషన్స్‌కి ఇలాంటి ఉపాయం నా దగ్గర లేదు. మనం బస్సులో వచ్చాను, మార్చిలో వచ్చాను, ఇంట్లో ఉన్నాను అని అన్నిటికీ ఒక్క 'లో'తో సరిపెడతాం. ఇంగ్లీషులో బస్సుకి 'బై'. వీటిని మాటగా కాకుండా ముక్కగా గుర్తుపెట్టుకోవాలి: బై బస్, ఇన్ మార్చ్, ఆన్ సండే (ఇది ఇంగ్లీషు 'ఓ'తో మొదలయ్యే ఆన్), ఎట్ ఫైవ్.

ప్యాసేజ్ కోసం రోజూ ఒక చిన్న కథ చదివించండి, తెలుగులోనైనా సరే. ప్రథమ్ బుక్స్ అని మన బెంగళూరు సంస్థే, 2015లో స్టోరీవీవర్ అనే వెబ్‌సైట్ మొదలుపెట్టింది. పిల్లల కథలు ఉచితంగా ఉంటాయి, ఒకే కథ తెలుగులోనూ ఇంగ్లీషులోనూ దొరుకుతుంది. ముందు తెలుగులో మీరు చదివి వినిపించండి. ఆ కుర్రాడు ఎందుకు వెళ్లాడు అని అడగండి. పాప చెప్పగానే, 'కథలో ఎక్కడుంది, వేలు పెట్టి చూపించు' అనండి. ఒక్క లైన్ మీద వేలు పెట్టడం వస్తే నాలుగు లైన్లు దించడం దానంతట అదే ఆగుతుంది. తర్వాత అదే కథ ఇంగ్లీషులో పాప మీకు చదివి చెప్పాలి. కారణం వెతికే తెలివి ఒక భాషలో వస్తే రెండో భాషలోకి కూడా వెళ్తుంది, నా తరగతుల్లో చూశాను.

పూర్తి వాక్యానికి కూడా ఒక అలవాటు చేయించండి. ప్రశ్నలోని మాటలనే తిప్పి జవాబు మొదలుపెట్టడం. రాము అడవికి ఎందుకు వెళ్లాడు అంటే, రాము అడవికి వెళ్లింది ఎందుకంటే, అని. మీరు తెలుగులో అడగండి, తెలుగులోనే చెప్పమనండి. ఇంగ్లీషులో ఆ మలుపు తనే పట్టుకుంటుంది.

చివరిగా ఆ ఖాళీ ప్రశ్న. దాని గురించి పాపని అడిగినట్టు మీరు ఎక్కడా రాయలేదు. మార్కులన్నిటికంటే నాకు దాని గురించే ఎక్కువ ఆలోచనగా ఉంది. అది పేపర్ వెనక పేజీలో, చిట్టచివర ఉంది. పాప పేజీ తిప్పి చూసుకోలేదా? టైమ్ చాలలేదా? లేక అడిషనల్ షీట్ అడగడానికి భయపడిందా? నా దగ్గర చదివిన పిల్లల్లో చేయెత్తి పేపర్ అడగలేక కూర్చుండిపోయిన వాళ్లు ఉన్నారు. మొదటిదైతే పేపర్ ఇచ్చే ముందు ఒకసారి అన్ని పేజీలూ తిప్పమంటే సరిపోతుంది. రెండోదైతే దించి రాసిన ఎనిమిది లైన్లే ఆ టైమ్ తినేశాయి. మూడోదైతే పేరెంట్స్ మీటింగ్‌లో టీచర్‌తో మొట్టమొదట మాట్లాడాల్సింది అదే. ఈ రాత్రి పడుకోబెట్టేటప్పుడు, పేపర్ చేతిలో లేకుండా, మెల్లగా అడగండి.